స్కార్వన్ ద్వీపంలో మొదటి అడుగు

మా ఇంటికి ఎవరు వస్తున్నారో తలుపు తీయకముందే చెప్పగలను. మేముండేది రెండో అంతస్తు. లిఫ్టు ఏడాదిలో సగం రోజులు పనిచేయదు కనక అందరూ మెట్లెక్కే రావాలి. మా ఆయన పురుషోత్తం విశాఖ హార్బర్‌లో పూడిక తీసే డ్రెడ్జర్ మీద ఇంజనీరు. పడవల అలవాటు కొద్దీ ఇంటి మెట్లు కూడా కమ్మీ పట్టుకునే ఎక్కుతారు, ఉంగరం ఇనుముకు తగిలి టింగుమంటుంది. మా అమ్మాయి వింధ్యకు మెట్టు మీద మడమ ఆనదు. చిన్నప్పటి నుంచి నాట్యం నేర్చిన పిల్ల, మునివేళ్ళ మీద ఎక్కేస్తుంది. చప్పుడు విని నేను లేచేసరికి గుమ్మంలో ఉంటుంది.

ఆ సాయంత్రం విన్న అడుగు అది కాదు. ఒక కాలు గట్టిగా పడింది, రెండోది దాని వెనక ఈడ్చుకుంటూ వచ్చింది. మళ్ళీ గట్టిగా ఒకటి, మళ్ళీ ఈడుస్తూ ఒకటి. పైవాళ్ళింటికి ఎవరో పెద్దాయన వచ్చాడనుకున్నాను. అడుగులు మా గుమ్మం ముందు ఆగాయి. తలుపు తీస్తే వింధ్య.

"కాలికేమైందే?"

"ఏం కాలేదమ్మా. ఇంకా దిగలేదు, అంతే."

"ఏం దిగలేదు?"

"ఆయన." చెప్పులు విప్పడానికి గోడ పట్టుకుంది. నా కూతురు చెప్పులు విప్పడానికి గోడ పట్టుకోవడం నేనెప్పుడూ చూడలేదు. "కాసేపట్లో దిగిపోతాడులే. కాఫీ ఉందా?"

ఆయన అంటే ఏమోస్ కెల్ అనే వంటవాడు. చనిపోయి నూట నలభై ఏళ్ళు అయివుంటుంది.

*

నేను జాగ్రఫీ తీసుకుని బి.ఏ. చదివాను. అయినా స్కార్వన్ ద్వీపం పేరు వినలేదు. కొండ మీది పరిశోధనా సంస్థలో చేరిన కొత్తలో వింధ్య దాని పటం తెచ్చి భోజనాల బల్ల మీద పరిచింది. ఉత్తర ధ్రువానికి దగ్గరగా, ఏ ఖండానికీ చెందనట్టు విడిగా, అంచు చిరిగిన దోసెలా ఉంది ఆ దీవి. మధ్యలో ఎన్నడూ కరగని మంచుగుట్ట. పడమర వైపు చిన్న అఖాతం. దానికి ఉత్తరాన దీవి లోపలికి పోయే ఒక లోయ. దక్షిణాన సముద్రంలోకి పొడుచుకువచ్చిన గులకరాళ్ళ దిబ్బ, నాలుక చాపినట్టు. చెట్టనేది లేదు. వేసవిలో కొద్ది వారాలు తప్ప ఓడ దగ్గరికి పోలేదు.

దాన్ని మొదట చూసినవాళ్ళు తిమింగలాల వేటగాళ్ళు. పొగమంచులో ఒకసారి ఈ పక్కనుంచి, ఇంకోసారి ఆ పక్కనుంచి చూసి, చూసిన ప్రతిసారీ పటంలో గుర్తు పెట్టారు. దాంతో చాలాకాలం అక్కడ రెండు దీవులు ఉండేవి. లేని రెండోదాన్ని వెతకబోయిన ఓడలు కూడా ఉన్నాయట.

"మన హార్బర్‌లో అలా గుర్తులు పెడితే నా ఉద్యోగం ఊడుతుంది," అన్నారు మా ఆయన.

అక్కడ మొదట చలికాలం గడిపింది కెప్టెన్ థార్న్‌బీ. నౌకాదళంలో చేసి వచ్చిన మనిషి. ఓడ మంచులో చిక్కి నలిగిపోతే, ఆ చెక్కలతోనే అఖాతం ఒడ్డున గుడిసె వేసి మనుషులతో ఉన్నాడు. గుడిసె గుమ్మం పడమటికి, సముద్రం వైపుకు. గులకరాళ్ళ దిబ్బ మీద కొందరిని కాపలా ఉంచాడు, దారిన పోయే ఓడ కనపడితే మంట వేయమని. వాళ్ళు జబ్బుపడి అక్కడే చనిపోయారు. థార్న్‌బీ తిరిగి వెళ్ళి పుస్తకం రాశాడు, పటం గీశాడు. దిబ్బ మీది మనుషుల చావుకు కారణం వంటవాడు కెల్ అని అందులో రాశాడు. మిగిలిన రొట్టెలు మూటగట్టుకుని ఒక ఉదయం ఉత్తరాన లోయలోకి పారిపోయాడట. ఆ లోయకు 'దొంగ లోయ' అని పేరు పెట్టాడు. ఈనాటికీ అన్ని పటాల్లోనూ అదే పేరు.

కెల్ వైపు చెప్పడానికి ఎవరూ లేరు. అతని అడుగులు మాత్రం ఉన్నాయి.

గడ్డకట్టిన నేల మీద అడుగు పడితే, లోపలి మంచు పలుకులు ఆ బరువుకు ఒరుగుతాయి. కరగనంతకాలం అలాగే ఉంటాయి. సంస్థ వాళ్ళు కనిపెట్టింది వాటిని చదివే పద్ధతి. గుడిసె గుమ్మం ముందరి నేలను పెద్ద పెద్ద ముక్కలుగా కోసి, ఓడలో తెచ్చి, ఫిషింగ్ హార్బర్ దగ్గర రొయ్యలు దాచే కోల్డ్ స్టోరేజీలో పెట్టారు. ఒక్కో ముక్కనూ ప్రయోగశాలకు తెచ్చి సన్నని వేడి పంపిస్తారు. మంచు పలుకు విడిపోయే తీరునుబట్టి మడమ ఎంత నొక్కింది, వేళ్ళు ఎంత నొక్కాయి, ఏ అంచు మీద బరువు పడింది, అన్నీ లెక్కకు వస్తాయి. చదివిన ముక్క బురద అయిపోతుంది. రెండోసారి చదవడానికి ఏమీ మిగలదు.

ఇంకో చిక్కు కూడా ఉంది. ఆ నేల ఏటా ఉబ్బుతుంది, జారుతుంది, మెలితిరుగుతుంది. అడుగులు ఏ వరసలో పడ్డాయో తెలుస్తుంది గాని ఎటు తిరిగి ఉండేవో తెలియదు. పైగా ఆ మనుషులు తొడిగింది గడ్డి కూరిన తోలు సంచుల్లాంటి జోళ్ళు. ఏ కాలివో పోల్చడానికి ఆకారమే లేదు. కనక మనిషి ఎటు వెళ్ళాడన్నది అతని ఒంటి వాలునుబట్టి పట్టుకోవాల్సిందే. కంప్యూటరులో బొమ్మను చేసి నడిపిస్తే ప్రతి మలుపులోనూ పడిపోయింది. బతికున్న ఒళ్ళు కావాలని అప్పుడు అర్థమైంది. క్రీడాకారులను పెట్టి చూశారు, కుదరలేదు. వాళ్ళు తమ నడక వదులుకోలేకపోయారు. చెప్పినచోట చెప్పినట్టు పాదం పెట్టి, పెట్టినదాన్ని మరిచిపోకుండా ఉండడం నాట్యం నేర్చినవాళ్ళకు వచ్చు.

ప్రారంభం రోజున నన్నూ పిలిచారు. పొడవాటి హాల్లో నల్లటి నేల, దాని నిండా సూదిమొనల్లాంటి మేకులు వేలకువేలు. నడిచేవాళ్ళ పాదం కింద అవి లేచి దిగుతూ ఆ పాత అడుగు బరువును అందిస్తాయి. కొబ్బరికాయ కొట్టారు. ఆ నేలను నడిపే ఇంజనీరు ఫిరోజ్ హారతి పళ్ళెం కోసం బల్ల ఖాళీ చేశాడు. వింధ్య వంగి నేలకు దణ్ణం పెట్టుకుని, కుడికాలు ముందు పెట్టి ఎక్కింది. అందరూ చప్పట్లు కొట్టారు.

మేకులు లేచాయి. పది నిమిషాలు తడబడింది. తర్వాత నా కూతురి భుజాలు వంగాయి, మెడ ముందుకు వచ్చింది, కుడికాలు ఈడ్చసాగింది. చలికి ఒక కాలి వేళ్ళు పోయిన మనిషి అని, ఆ కుంటునుబట్టే అందరిలో అతని అడుగులను పోల్చారని పక్కన ఎవరో చెప్పారు. హాల్లో ఏసీ కూడా లేదు. నేను మాత్రం పమిట భుజాల చుట్టూ కప్పుకున్నాను.

*

కాసేపట్లో దిగిపోతాడన్న మనిషి మరునాటికీ దిగలేదు. నెల తిరిగేసరికి ఇంట్లో కాపురం పెట్టాడు.

మా ఆయన మొదట నవ్వులాటగానే తీసుకున్నారు. "ఇవాళ మీ దొర ఎక్కడిదాకా వెళ్ళాడే?" అని అడిగేవారు భోజనం దగ్గర.

"గుమ్మం దాటి కుడికి తిరిగాడు నాన్నా. ఉత్తరం వైపుకి."

"అయితే దొంగే!"

"అలాగే కనిపిస్తోంది," అనేది. కాని అన్నం కెలుకుతూ ఏదో ఆలోచించేది.

ఒకరోజు చారుగిన్నె నిండుగా ఉంది, బల్ల మీద పెట్టమని చేతికిచ్చాను. మసిగుడ్డతో రెండు పక్కలా పట్టుకుని నాలుగడుగులు వేసి ఆగిపోయింది.

"అమ్మా, ఇదే!"

"ఏదే? ముందు గిన్నె పెట్టు, చేయి కాలుతుంది."

"ఆయన నడక ఇదే. బరువు మోస్తున్న నడక కాదు. చూడు, మోకాలు బిగపట్టను, అడుగు పెట్టేముందు రవ్వంత ఆగుతాను. తొణక్కుండా. ఆయన చేతిలో మూట లేదమ్మా. వేడిది, నిండుది ఏదో ఉంది."

"దొంగతనానికి పోతూ చారు పట్టుకుపోయాడా? మీ దొర భోజనప్రియుడల్లే ఉన్నాడు," అన్నారు మా ఆయన. మేం ముగ్గురం నవ్వుకున్నాం. ఈ ఇంట్లో మేం నవ్విన ఆఖరిసారి అదేమో అనిపిస్తుంది. బహుశా కాదు. కాని గుర్తున్నది అదే.

ప్రాజెక్టు అధిపతి డాక్టర్ సోమశేఖరం గారికి ఆ సంగతి చెబితే, మూట ఛాతీకి హత్తుకుని నడిచినా లెక్కలు అలాగే వస్తాయని అన్నారట. అది నిజమే కూడానట.

వింధ్య ఎం.వి.పి. కాలనీలో ఒక హాలు తీసుకుని పిల్లలకు నాట్యం చెప్పేది. ఒక ఆదివారం నేను వెళ్ళేసరికి పిల్లలు వరసగా నిలబడి అడుగులు వేస్తున్నారు. ఎడమ పాదం గట్టిగా, కుడి పాదం ఈడుస్తూ. అందరూ ఒకేలాగ, తప్పు లేకుండా. టీచరు ఎలా వేస్తే అలా వేయమని కదా నేర్పింది. వింధ్య వాళ్ళను చూస్తూ నిలబడి ఉంది. చేతిలో తాళం వేసే కర్ర ఆగిపోయింది. "ఇవాళ్టికి చాలర్రా," అంది. తర్వాతి వారం హాలుకు తాళం పడింది.

ఎముకల డాక్టరు ఫోటోలు తీయించి ఏమీ లేదన్నాడు. నరాల డాక్టరు స్కానింగు తీయించి ఏమీ లేదన్నాడు, ఇంకొంచెం ఖరీదైన గొంతుతో. "కాలు శుభ్రంగా ఉందమ్మా. నడకే అలా ఉంది," అన్నాడు. నడక కాలికి సంబంధించింది కాకపోతే ఏ డాక్టరు దగ్గరికి పోవాలో ఆయన చెప్పలేదు.

మా వీధి ఆటో అప్పలరాజు మాత్రం మొదటిరోజే చూసి అడిగాడు. "ఏటమ్మా, పాప కాలికేటయింది? మొన్నటిదాకా లేడిపిల్లలాగ దూకీది గదా." నేను ఏం చెప్పను? ఉత్తర ధ్రువంలో గడ్డకట్టిందని చెప్పనా?

*

నేనే సంస్థకు వెళ్ళాను. రెండు గంటలు కూర్చోబెట్టారు. కిటికీ బయట తోటమాలి కుండీల్లో క్రోటన్ మొక్కలకు నల్లటి బురద వేస్తున్నాడు. నీసు వాసన లేదు, పేడ వాసన లేదు. ఏ వాసనా లేని మట్టిని నేను అంతకుముందు చూడలేదు.

సోమశేఖరం గారు మర్యాదస్తుడు. లేచి నిలబడి కుర్చీ చూపించారు.

"ఆ కుండీల్లో వేస్తున్నదేమిటండీ?" అని అడిగాను.

ఆయన కిటికీలోంచి చూసి ఇబ్బందిగా నవ్వారు. "చదివేసిన మట్టి అమ్మా. పారబోయడం ఎందుకని..."

"మా అమ్మాయి నడక ఎప్పుడు తిరిగి వస్తుందండీ?"

"మీ ఆందోళన నాకు అర్థమవుతుంది. కొత్త ప్రయోగం కదా. విశ్రాంతి ఇస్తే శరీరం తన పాత అలవాటుకు వచ్చేస్తుందని మా అంచనా."

"ఎన్నాళ్ళ విశ్రాంతి?"

"అది మనిషినిబట్టి..."

"ఇంతకుముందు ఏ మనిషికి వచ్చిందండీ?"

ఇంతకుముందు ఏ మనిషీ లేడు. ఆ సంగతి ఆయనకు తెలుసు, నాకు తెలుసు. అయినా ఇంకో అరగంట మాట్లాడుకున్నాం. సంతకం పెట్టిన ఒప్పందంలో 'తాత్కాలిక శారీరక అసౌకర్యం' అని ఉందని ఆయనన్నారు. తాత్కాలికం అంటే ఎంతకాలమో రాశారా అని నేనడిగాను. కమిటీ ముందు పెడతామన్నారు. కమిటీ ఎప్పుడు కూర్చుంటుందంటే ఛైర్మన్ గారు ఊళ్ళో లేరన్నారు. ఒక గోడను తోస్తే అది ఎంతో వినయంగా నిలబడి ఉన్నట్టుంది. కోపం చేసుకోవడానికి కూడా పట్టు దొరకలేదు.

బయటికి వస్తుంటే ఫిరోజ్ గేటు దాకా వచ్చాడు. "ఆంటీ, నాకూ నిద్ర పట్టడం లేదు," అన్నాడు. మంచి పిల్లవాడు. కాని అతని నిద్ర నాకెందుకు?

*

డిసెంబరు వచ్చింది. బీచ్ రోడ్డు మీద నేవీ డే రిహార్సల్స్ మొదలయ్యాయి. ఏటా చూసేవాళ్ళమే. ఆ సాయంత్రం వింధ్యను బలవంతాన బయలుదేరదీశాను. నడవకపోతే నడక ఎలా వస్తుందని నా ఉద్దేశం. గట్టు మీద కూర్చుని వేయించిన వేరుశనక్కాయలు తింటున్నాం. తెల్ల బట్టల్లో నావికులు వరసగా వచ్చి మా ఎదురుగా నిలబడ్డారు. అధికారి అరిచాడు. వరస మొత్తం ఒక్క మనిషిలా కదిలింది.

వింధ్య చేతిలో పొట్లం కిందపడింది.

"అమ్మా, ఎడమ."

"ఏమిటే?"

"ఎడమకాలు. చూడు, మళ్ళీ నిలబడ్డారు. ఇప్పుడు చూడు."

మళ్ళీ అరుపు. మళ్ళీ అన్ని ఎడమకాళ్ళూ ఒకేసారి ముందుకు పడ్డాయి. అందులో వింతేముంది? ఏ కవాతయినా ఎడమకాలితోనే మొదలవుతుంది. కాలేజీలో ఎన్.సి.సి. చేసిన రోజుల్లో నేనూ అలాగే వేశాను.

"థార్న్‌బీ రోజూ పొద్దున్న వాళ్ళను గుమ్మంలోంచి కవాతుగా బయటికి నడిపించేవాడమ్మా. చలికి బద్ధకించకుండా. తన పుస్తకంలో గొప్పగా రాసుకున్నాడు, మేం అందరం చదివాం." వింధ్య తన రెండు మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని మాట్లాడుతోంది. "వాళ్ళు కదలగానే నా ఒళ్ళు కూడా లేవబోయింది. కాని తప్పు కాలు లేచింది. కెల్ నాకు తిరగేసి ఎక్కాడమ్మా. రోజూ ఆ గుమ్మాన్ని అలా దాటినవాడు, ఆయన మొదటి అడుగు ఎడమది. మేం కుడిది అనుకున్నాం. దాంతో అన్నీ తిరగబడ్డాయి. కుంటు కాలు, వాలు, మలుపు, అన్నీ."

సముద్రం మా ఎదురుగా ఉంది. నేను మనసులో ఆ గుడిసె గుమ్మంలో నిలబడ్డాను. ఎదురుగా పడమటి సముద్రం. కుడికి తిరిగితే ఉత్తరం, లోయ. ఎడమకు తిరిగితే దక్షిణం, గులకరాళ్ళ దిబ్బ. దిబ్బ మీద జబ్బుపడ్డ మనుషులు.

చేతిలో వేడిది, నిండుది ఏదో ఉంది.

*

మర్నాడు సంస్థలో నేనూ ఉన్నాను. ఈసారి కూర్చోబెట్టలేదు.

సోమశేఖరం గారు అంతా విని కళ్ళద్దాలు తీసి బల్ల మీద పెట్టారు. "మొదటి అడుగు కుడి అని గుర్తు పెట్టింది ఎవరు?"

ఎవరికీ గుర్తులేదు. ఒకరు పెట్టారని కూడా చెప్పలేం. అది ఒక ప్రశ్న అని కూడా ఎవరికీ తోచలేదు. గుమ్మం దాటే మనిషి మొదట ఏ కాలు పెడతాడు? ఇంట్లోకి కోడలు ఏ కాలు పెట్టి వస్తుంది? కొత్త పనికి ఏ కాలు ముందు వేస్తాం? అక్కడున్న పదిమందిలో ఏ ఒక్కరి ఇంట్లోనూ దానికి రెండో జవాబు లేదు.

"నాకైనా తట్టాల్సింది సార్," అన్నాడు ఫిరోజ్. "కానీ మేమూ మసీదులోకి కుడికాలే పెడతాం."

ఎవరో నవ్వబోయి ఆగిపోయారు.

"మళ్ళీ చదవలేమా?" అన్నాను.

"లేదమ్మా. గుమ్మం ముందరి ముక్కలన్నీ చదివేశాం. ఇక్కడ మట్టి లేదు." ఆయన చూపు కిటికీ వైపు, క్రోటన్ కుండీల వైపు వెళ్ళి వచ్చింది. "అక్కడా లేదు. మొన్నటి వేసవిలో ఆ ఒడ్డు విరిగి సముద్రంలో పడిపోయింది. గుడిసె కూడా. లెక్కలు మాత్రం ఉన్నాయి. వాటిని తిరగేసి నేల మీద పెట్టవచ్చు. ఎవరైనా నడిస్తే..."

"కొత్తవాళ్ళను పెట్టండి."

"కొత్తవాళ్ళకు ఆ మనిషి అంటడానికే నెలలు పడుతుంది. వింధ్యకు అతను తెలుసు." కళ్ళద్దాలు మళ్ళీ పెట్టుకున్నారు. "ఇంకో సంగతి కూడా ఉంది. అద్దంలో బొమ్మలా రెండో నడక ఎక్కితే, మొదటిది రద్దయిపోవచ్చు. తనకు నయం కావచ్చు."

"కావచ్చు అంటే?"

"కావచ్చు, అమ్మా." కనీసం ఈసారి అంచనా అనలేదు.

ఆటోలో ఇంటికి వచ్చాం. మెట్ల దగ్గర ఆగలేకపోయాను.

"వద్దే. నా మాట విను. ఒక కాలు ఇచ్చావు, చాలదా?"

"ఆయన దొంగ కాదమ్మా."

"కాకపోతే కాకపోనీ! ఎవరికి కావాలి? ఆ దీవిలో మనిషి లేడు, పిట్ట తప్ప. ఆ లోయ పేరు చదివేదెవరు?"

"నాకు తెలుసు కదా."

"తెలిసింది చాలు. తెలుసుకుని ఇంట్లో కూర్చో."

"ఎలా కూర్చోమంటావు?" మొదటిసారి గొంతు పెంచింది. "మెట్టు ఎక్కినప్పుడల్లా ఆయనే ఎక్కుతున్నాడు. అదీ తప్పు కాలితో. రోజూ ఒక అబద్ధాన్ని మోస్తున్నట్టుంది నాకు. కుంటాల్సిందే అయితే సరైన కుంటు కుంటుతాను. ఆయన నిజంగా ఎలా నడిచాడో ఒక్కసారి నడిచి వదిలేస్తాను. తర్వాత వదిలితే వదులుతాడు, లేకపోతే లేదు."

పైవాళ్ళింటి తలుపు తెరుచుకుని మూసుకుంది. మేం ఇద్దరం ఒకేసారి గొంతు తగ్గించాం.

ఆ రాత్రి మా ఆయన హార్బర్ నుంచి వచ్చాక చెప్పాను. దొర గురించి ఏమైనా నవ్వులాటగా అంటారని చూశాను. అనలేదు. "దానికి ఇరవయ్యేడేళ్ళు," అన్నారు. నేను లెక్క తెలియనిదాన్నయినట్టు.

*

రెండోసారి హాల్లో కొబ్బరికాయ లేదు. వింధ్య నేల అంచున రెండు పాదాలూ కలిపి నిలబడింది. నేను గోడకు ఆనుకుని ఉన్నాను. ఫిరోజ్ మీట నొక్కాడు.

ఎడమకాలు.

తడబడలేదు. మొదటి అడుగులోనే భుజాలు వంగాయి. ఎడమ పాదం ఈడుస్తూ, రెండు చేతులూ ముందుకు చాచి, మధ్యలో లేని గిన్నె అంచుల మీద చూపు నిలిపి నడిచింది. ఎడమకు తిరిగింది. మలుపులో ఒళ్ళు ఇప్పుడు ఎక్కడా మొరాయించలేదు. ముందటిసారి మలుపులో ఎప్పుడూ ఒక చిన్న తొట్రుపాటు ఉండేది, గాలి ఎదురు కొట్టిందని రాసుకున్నారట. ఇప్పుడది లేదు. ఆ మనిషికి దారి బాగా తెలుసు. రోజూ పోయే దారిలా నడిచాడు. గుడిసెలోంచి దిబ్బకు, వేడి చల్లారకముందే.

మేకులు ఒక్కసారిగా దిగిపోయాయి. ముక్కలు అంతవరకే.

వింధ్య ఒక కాలు గాల్లో ఉంచి ఆగిపోయింది. తర్వాతి అడుగు లేదు. దిబ్బను చేరాడో లేదో, వాళ్ళు తాగారో లేదో, తిరిగి వస్తూ ఏ మంచులో పడిపోయాడో అంతా సముద్రంలో ఉంది. ఆమె చేతులు ఇంకా చాచే ఉన్నాయి. నేను వెళ్ళి పట్టుకోబోతే తల అడ్డంగా ఊపింది. మెల్లగా వంగి, ఆ లేని గిన్నెను నేల మీద దించింది.

"ఒక్క చుక్క తొణకలేదమ్మా," అంది.

*

సోమశేఖరం గారు వ్యాసం రాశారు. పద్ధతి ప్రకారం విదేశాల్లో పరిశీలకులకు పంపారు. మూడు నెలల తర్వాత జవాబు వచ్చింది. మర్యాదగానే ఉందట. మీరు మొదట కుడి అన్నారు, ఇప్పుడు ఎడమ అంటున్నారు. ఏది నిజమో తేల్చే నేలను మీరే కరిగించారు. నడిచిన మనిషి రెండుసార్లూ ఒకరే, రెండుసార్లూ నిజమే అనిపించిందని అంటున్నారు. దీన్ని సాక్ష్యంగా తీసుకోలేం. ద్వీపంలో ప్రదేశాల పేర్లు మార్చవలసిన అవసరం కనిపించడం లేదు.

ఒక్క మాట కూడా తప్పు కాదు. అందుకే మరీ ఒళ్ళు మండింది. నాకే ఆ వ్యాసం పంపి ఉంటే నేనూ అదే రాసేదాన్ని. దొంగ లోయ దొంగ లోయగానే ఉంది.

వింధ్యకు నయమైందని మాత్రం అందరూ అంటారు. నరాల డాక్టరు అటూ ఇటూ నడిపించి చూసి, "చూశారా, విశ్రాంతి!" అన్నాడు. సంస్థవాళ్ళు ఆమె పేరు పక్కన 'పూర్తి ఆరోగ్యం' అని రాసుకుని ఫైలు మూశారు. అప్పలరాజు కూడా, "పాప బాగయిపోనాది," అని సంబరపడ్డాడు. చూసేవాళ్ళకు కుంటు కనపడదు. ఒక కాలు కుంటితే తెలుస్తుంది. రెండూ సమానంగా కుంటితే ఎవరికి తెలుస్తుంది? కొంచెం నెమ్మదిగా నడిచే అమ్మాయి, అంతే.

మొదటిది రద్దు కాలేదు. రెండోది దాని పక్కన వచ్చి కూర్చుంది.

హాలు మళ్ళీ తెరిచింది. పిల్లలకు కూర్చునే చెబుతుంది. కర్రతో తాళం వేస్తూ, చేతులతో అడుగులు చూపిస్తుంది. పెద్ద పిల్లల్లో ఒకమ్మాయిని ముందు నిలబెట్టి, చిన్నవాళ్ళను ఆమెను చూసి వేయమంటుంది. తను లేచి వేయదు. ఎందుకని ఒక తల్లి అడిగితే, "నా దగ్గర ఇంకొకరి అడుగులున్నాయండీ, పిల్లలకు అంటుతాయి," అందట. ఆవిడ నవ్వేసిందట.

నిన్న సాయంత్రం మెట్ల మీద అడుగులు వినపడ్డాయి. సమానంగా, మెల్లగా, ప్రతి మెట్టు మీదా మడమ ఆనుతూ. ఏదో నిండుగా పట్టుకుని వస్తున్నట్టు. ఎవరో నాకు తెలుసు. అయినా రోజూ ఆ ప్రశ్న నా నోట్లోంచి వచ్చేస్తుంది.

"ఎవరది?"

"నేనేనమ్మా."

తలుపు తీశాను. వింధ్య గుమ్మం అవతల రెండు పాదాలూ కలిపి నిలబడి ఉంది. చేతిలో కూరగాయల సంచి. బడికి మొదటిరోజు పంపినా, పరీక్షకు పంపినా, ఆ కొండ మీది ఉద్యోగానికి పంపినా, ఈ గుమ్మంలో నిలబడి నేను చెప్పిన మాట ఒకటే. అది గుర్తొచ్చే కాబోలు, అల్లరిగా నా మొహంలోకి చూసింది.

"ఏ కాలు పెట్టమంటావమ్మా?"

నోటిదాకా వచ్చిన మాట అక్కడే ఆగిపోయింది. సంచి అందుకున్నాను.

"ఏదో ఒకటి పెట్టి లోపలికి రా. చారు చల్లారిపోతోంది."